అదనపు సాక్షుల పిటిషన్ రెడీమేడ్ నమూనా: సరిచేయకుండా వేయొద్దు

క్రిమినల్ కేసులో ఛార్జిషీటులో లేని సాక్షులను కూడా పిలవాలని ప్రాసిక్యూషన్ కోర్టును కోరే పిటిషన్‌కు, కోర్టుల దగ్గర టైపింగ్ షాపుల్లో దొరికే రెండు పేజీల నమూనా ఇది. కాజ్ టైటిల్ (కోర్టు, కేసు, పార్టీల వివరాలుండే పైభాగం), ప్రేయర్ (చివర కోర్టును కోరే భాగం) పద్ధతిగానే ఉన్నాయి. అసలు విషయమే బలహీనం.

మొదటి తప్పు సెక్షన్. అన్ని కేసులకూ సీఆర్‌పీసీ (పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్) 311 అనే ఉంది. 2024 జులై 1 నాటికే విచారణలో ఉన్న కేసులకు అది సరే. ఆ తర్వాత మొదలైనవాటికి, దాని స్థానంలో వచ్చిన బీఎన్ఎస్ఎస్ (భారతీయ నాగరిక్ సురక్షా సంహిత) 348 రాయాలి.

పెద్ద లోపం కారణాల పేరాలో. 'న్యాయం కోసం అవసరం' అన్న ఒక్క వాక్యంతో సరిపెట్టారు. ప్రాసిక్యూషన్ లోపాలు పూడ్చుకోవడానికే ఈ పిటిషన్ అని డిఫెన్స్ తప్పకుండా అంటుంది, ఈ వాక్యం దానికి జవాబు కాదు. ఒక్కో సాక్షికి మూడు సంగతులు విడిగా రాయాలి: ఏం చెప్తారు, తీర్పుకు అదెందుకు అవసరం, ఛార్జిషీటు సాక్షుల జాబితాలో ఎందుకు లేరు. ఉదాహరణకు కాల్ డేటా ఫైల్లో ఉండి, దాన్ని ఇచ్చిన టెలికాం కంపెనీ నోడల్ ఆఫీసర్ ఎల్‌డబ్ల్యూగా (ఛార్జిషీటు జాబితాలోని సాక్షిగా) లేకపోతే ఆ మాటే సూటిగా చెప్పాలి.

ఫిర్యాదుదారు లాయర్ సంతకం చేసే చోటు పెట్టడం కూడా పొరపాటే. పోలీసు కేసులో పిటిషన్ పబ్లిక్ ప్రాసిక్యూటర్ ద్వారా వెళ్లాలి. ప్రైవేటు లాయర్ ఆయన సూచనల మేరకే నడుచుకోవాలి.

కొత్త సాక్షి వాంగ్మూలం కాపీ నిందితుడికి ముందే ఇచ్చినట్టు రాసే పేరా అసలు లేదు. కాపీ ముందే అందకపోతే క్రాస్ ఎగ్జామినేషన్‌కు (డిఫెన్స్ సాక్షిని ప్రశ్నించడానికి) వాయిదా పడొచ్చు.

తీర్పు వెలువడేలోపు ఏ దశలోనైనా వేయొచ్చు. కానీ వాదనలు అయ్యాక వేస్తే ఆలస్యానికి కారణం రాయాల్సిందే, దానికీ ఇందులో ఖాళీ లేదు.

రేటింగ్: 5కి 2.