ఇంటర్నెట్ ఆర్కైవ్‌లో పాత జపాన్ కార్టూన్ డబ్బింగులు: ప్లే బటన్‌ని నమ్మొద్దు

పాత జపాన్ కార్టూన్లకు బొమ్మ దొరకడం కష్టం కాదు, గొంతులు దొరకడమే కష్టం. 1975-77 నాటి రోబో కార్టూన్ గ్రెండైజర్‌నే తీసుకోండి, 74 ఎపిసోడ్లు. 1978లో ఫ్రాన్స్‌లో గోల్డొరాక్‌గా వచ్చింది, ఇటలీలోనూ అదే ఏడాది, తర్వాత అరబిక్‌లో. ఇలాంటి డబ్బింగుల కోసం వెతకాల్సిన మొదటి చోటు, పాత వీడియోలు, పుస్తకాలు దాచే వెబ్‌సైట్ ఇంటర్నెట్ ఆర్కైవ్. ఉచితం. కానీ వాడకం తెలియకపోతే నాసిరకం కాపీయే చేతికొస్తుంది.

పేజీలో ప్లే అయ్యేది చాలాసార్లు సైట్ తనంతట తాను కుదించిన ఎంపీ4 వీడియో. అప్‌లోడ్ చేసిన ఎంకేవీలో (ఒకే వీడియోలో పలు ఆడియోలు పట్టే ఫైల్) రెండు భాషలున్నా, ఈ ఎంపీ4లో ఒకటే వినిపిస్తుంది. డౌన్‌లోడ్ ఆప్షన్స్ కింద ‘షో ఆల్’ నొక్కి, అసలు ఫైల్ తీసుకోండి. అక్కడే ఉండే ఎక్స్ఎంఎల్ ఫైల్‌లో ఎండీ5 (ఫైల్‌కి వేలిముద్ర లాంటి కోడ్) ఉంటుంది, మీకు దిగిన ఫైల్ కోడ్‌తో సరిపోల్చండి. పెద్ద ఐటమ్‌ల (ఒక పేజీలో ఎక్కించిన ఫైళ్ల మూట) టొరెంట్‌లో కొన్ని ఫైళ్లు ఉండకపోవచ్చు, లెక్క చూసుకోండి.

అసలు తలనొప్పి ఆ ఆడియోని మంచి బ్లూరే బొమ్మకు అతికించేటప్పుడు. యూరప్‌లో వాడిన పాల్ అనే టీవీ పద్ధతిలో ఫిల్మ్‌ని సెకనుకు 25 ఫ్రేములతో నడిపారు. బ్లూరేలో 23.976. అంటే 24 నిమిషాల ఎపిసోడ్ పాల్‌లో 23 నిమిషాల్లో అయిపోతుంది, గొంతు కూడా కాస్త సన్నబడుతుంది. ఆడియో ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ ఆడాసిటీలో స్పీడ్ 4.1 శాతం తగ్గిస్తే రెండూ సరవుతాయి. గొంతు ముందే సరిచేసి ఉంటే మాత్రం స్పీడ్ కాకుండా టెంపో (గొంతు మారకుండా వేగం మాత్రమే) తగ్గించాలి. పాల్ టేపులన్నీ వేగం పెంచినవి కావు. కొన్నిటిలో ఫ్రేములు కలిపేసి నిడివి అలాగే ఉంచారు. అందుకే ఏమీ కత్తిరించని ఒక సన్నివేశం నిడివి టేపులోనూ, బ్లూరేలోనూ కొలిచాకే మొదలుపెట్టండి. సెన్సార్ కోత పడిన ప్రతిచోటా ఆడియోని కోసి మళ్లీ జరపాల్సిందే, దీనికి అడ్డదారి లేదు.

వీహెచ్ఎస్ టేపుల నుంచి ఎక్కించేవాళ్లకు ఒక మనవి: డీఇంటర్లేస్ (టీవీ బొమ్మలోని సగం సగం గీతల్ని కలిపి పూర్తి ఫ్రేములుగా మార్చడం) చేయకండి, ఛానల్ లోగో చెరపకండి. ఉన్నదున్నట్టు ఎక్కించండి. శుభ్రం చేసిన కాపీ పక్కన పెట్టొచ్చు, దాని బదులుగా కాదు.

హక్కుదారు ఫిర్యాదు చేస్తే ఐటమ్ మాయమవుతుంది. అది వాళ్ల హక్కే, ఇక్కడ ఉందంటే చట్టబద్ధమని కాదు. 2024 అక్టోబర్‌లో సైబర్ దాడికి సైటే రోజుల తరబడి ఆగిపోయింది. దీన్నే ఏకైక గోదాముగా నమ్ముకోకూడదు.

వెతుకులాట పరమ అధ్వానం. గ్రెండైజర్ అని కొడితే గోల్డొరాక్ తగలకపోవచ్చు. ఆయా భాష పేరుతో, ఆ లిపిలోనే కొట్టండి. దూరదర్శన్ హిందీ మోగ్లీ కోసమైతే 1989 నాటి ‘జంగిల్ బుక్’ అని, దేవనాగరిలోనూ, ఇంగ్లీషు అక్షరాల్లోనూ. దాని ఎపిసోడ్లన్నిటికీ సరిపడా 52 ఫైళ్లు కనిపిస్తే సంబరపడకండి, ఒక్కోటి తెరిచి భాష వినండి.