అనుమతి ఉత్తినే ఇవ్వాలా, డబ్బు కట్టించుకుని ఇవ్వాలా?

మామూలు మనీ సూట్‌లో (డబ్బు రాబట్టుకునే దావాలో) సమన్లు అందాక జవాబుకు 30 రోజులుంటాయి, కారణం చూపితే 90 దాకా సాగుతుంది. సిటీ సివిల్ కోర్టు నుంచి కవరు రాగానే చాలామంది ఆ లెక్కలోనే ఉంటారు. కానీ ప్రోనోటు మీద సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 37 కింద సమరీ సూట్ (త్వరగా తేల్చే దావా) వేస్తే, 10 రోజుల్లో హాజరు వేయాలి. తర్వాత వాది జడ్జిమెంట్ కోసం మరో సమన్లు పంపిస్తాడు, అది అందిన 10 రోజుల్లో లీవ్ టు డిఫెండ్, అంటే దావాను ఎదిరించి వాదించుకునే అనుమతి, అడగాలి. అడగకపోతే వాదికి డిక్రీ ఇచ్చేస్తారు. ఆలస్యానికి సరైన కారణం ఉంటే మన్నించొచ్చు గానీ, దాన్ని నమ్ముకుని కూర్చోవద్దు.

సరే, అడిగారు. లీవ్ ఇవ్వడమే మామూలు, కాదనడం అరుదుగా జరగాలని 2022లో బి.ఎల్. కశ్యప్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. కాబట్టి అసలు పేచీ, షరతు లేకుండా ఇవ్వాలా, ముందు కోర్టులో డిపాజిట్ కట్టమనాలా అన్నదే.

బేగంబజార్ వ్యాపారి ఒకాయన కోఠిలో టిఫిన్ సెంటర్ నడిపే మనిషి మీద 3 లక్షల నోటుతో దావా వేశాడనుకుందాం. టిఫిన్ సెంటర్ ఆయన అఫిడవిట్‌లో ఒకే ముక్క రాశాడు: "చిట్టీ హామీగా ఖాళీ నోటు మీద సంతకం పెట్టించుకున్నారు." చిట్టీ పాస్‌బుక్ లేదు, ఏ నెలలో పాడుకున్నాడో లేదు. అసలే నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం 118వ సెక్షన్ డబ్బు ముట్టిందనే మొదట అనుకోమంటుంది. స్టాంపు అంటించి సంతకం చేసిన ఖాళీ నోటును నింపుకునే అధికారాన్ని 20వ సెక్షన్ నోటు పుచ్చుకున్నవాడికే ఇస్తుంది. ఇలాంటి వాదనకు డిపాజిటే మేలంటాను. జరిగి ఉండొచ్చు గానీ నమ్మడం కష్టమనిపిస్తే అసలూ వడ్డీ మొత్తం కట్టమనే వీలు కూడా కోర్టుకుంది. ఏ వాదనకు లీవ్ ఎలా ఇవ్వాలో 2016 నాటి హబ్‌టౌన్ కేసులో సుప్రీంకోర్టు తీర్పు మెట్లు మెట్లుగా చెప్పింది.

అదే మనిషి ఫోన్‌పే వివరాలు తెచ్చి, తేదీలవారీగా 1,40,000 కట్టానని చూపిస్తే కథ మారుతుంది. ఆ లక్షా నలభై వేల మీద షరతు లేకుండా లీవ్ ఇవ్వాలి. కాగితం పట్టుకొచ్చినవాణ్ణి డబ్బు కట్టి మాట్లాడమనడం అన్యాయం. రోజు గల్లాతో బతికేవాడు ఒక్కసారిగా అంత ఎక్కణ్ణించి తెస్తాడు? అయితే మిగతా 1,60,000 బాకీ ఉన్నానని తనే ఒప్పుకుంటున్నాడు కదా, అది కోర్టులో కట్టకపోతే లీవ్ రాదు. ఈ సంగతి ఆయనకు ముందే చెప్పని వకీలుంటాడు, అప్పుడు చూడాలి క్లయింటు టెన్షన్!

వాదులేమో అన్ని కేసుల్లోనూ డిపాజిట్ కావాలంటారు, "లేకపోతే ఏళ్లు సాగదీస్తారు" అని. ఆ భయం అబద్ధం కాదు. కానీ దానికి మందు డిపాజిట్ ఒక్కటే కాదు, విచారణ ఫలానా గడువులో ముగియాలని కూడా కోర్టు షరతు పెట్టొచ్చు. కట్టే స్తోమత లేని ప్రతివాది వాదనలో కాస్త అనుమానమున్నా, నేనైతే ముందు అదే అడుగుతాను. డిపాజిట్ తప్పకపోతే ఆ సొమ్ము బ్యాంకులో ఎఫ్‌డీ వేయించమని అదే రోజు కోర్టుకు మెమో (చిన్న విన్నపం) ఇస్తాను. గెలిచినవాడికి వడ్డీతో సహా వస్తుంది.