పట్టుబడిన ఇసుక లారీకి ఏది మేలు: గనుల శాఖతో రాజీయా, కోర్టు నుంచి మధ్యంతర కస్టడీయా?

ఆంధ్రప్రదేశ్‌లో ఉచిత ఇసుక విధానం 2024 జూలై 8న మొదలైన తరువాత నదిలో ఇసుకకు ఎవరి అనుమతీ అక్కర్లేదని నమ్మేవారు ఉన్నారు. నాగావళి, వంశధార రేవుల నుంచి విశాఖకు వచ్చే లారీ అయినా, భీమిలి వద్ద గోస్తని నుంచి బయటికి వచ్చే ట్రాక్టరు అయినా, సరైన పత్రం లేకుండా పట్టుబడితే 1957 నాటి గనుల, ఖనిజాల చట్టం యథాతథంగా వర్తిస్తుంది. ఆ చట్టం ప్రకారం 5 సంవత్సరాల వరకు జైలు, హెక్టారుకు 5 లక్షల రూపాయల వరకు జరిమానా పడవచ్చు. సెక్షన్ 21(4ఎ) కింద కోర్టు వాహనాన్ని జప్తు కూడా చేయవచ్చు.

బండిని విడిపించుకోవడానికి ప్రధానంగా రెండు దారులున్నాయి. ఏది మేలన్నది వాహనాన్ని ఎవరు, ఏ సెక్షన్ల కింద పట్టారన్నదానిపై ఆధారపడి ఉంటుంది కనుక, జరిమానా ఎంతని ఆరా తీయడానికి ముందే మధ్యవర్తుల నివేదిక (బండిని పట్టినప్పుడు సాక్షుల ఎదుట రాసే పంచనామా) నకలును, ఎఫ్ఐఆర్ నమోదై ఉంటే దాని నకలును సంపాదించుకోవాలి.

మొదటి దారి గనుల చట్టం సెక్షన్ 23ఎ కింద రాజీ. అధికారం ఉన్న అధికారి నిర్ణయించిన మొత్తాన్ని ప్రభుత్వానికి చెల్లిస్తే, ఆ చట్టం కింద ఉన్న నేరంపై తదుపరి చర్య ఉండదు. పోలీసు కేసు లేకుండా గనుల శాఖ మాత్రమే పట్టిన ట్రాక్టరుకు, తప్పు జరిగిన మాట నిజమైనప్పుడు, నా అభిప్రాయంలో ఇదే మేలు. ఎందుకంటే బండి చేతికి రావడంతోపాటు జప్తు భయం కూడా అక్కడితో తీరుతుంది. అయితే రాజీకి ఒప్పుకోవడం అధికారి విచక్షణ తప్ప యజమాని హక్కు కాదు.

అసలు చిక్కు పోలీసులు దొంగతనం కేసు కూడా పెట్టినప్పుడు వస్తుంది. నదిలో ఇసుక ప్రభుత్వ ఆస్తి కనుక దాన్ని ఎత్తుకుపోవడం విడిగా దొంగతనం అవుతుందని 2014లో సంజయ్ కేసులోనూ, గనుల చట్టం కింద రాజీ కుదిరినా ఆ దొంగతనం కేసు ఆగదని 2020లో జయంత్ కేసులోనూ సుప్రీంకోర్టు చెప్పింది. డబ్బు కట్టిన రసీదు పట్టుకుని స్టేషనుకు వెళ్లిన యజమానికి, బండి కోర్టు ఆదేశం లేనిదే ఇవ్వలేమన్న జవాబు ఎదురయ్యేది ఇందువల్లనే. ఎఫ్ఐఆర్ ఉందని తెలిసి కూడా ముందుగా రాజీ సొమ్ము కట్టడం తొందరపాటని నేననుకుంటాను.

అటువంటప్పుడు రెండవ దారే, అంటే కేసు తేలేవరకు బండిని యజమానికి అప్పగించమని కోర్టును కోరే మధ్యంతర కస్టడీయే, సరైనది. 2024 జూలై 1 నుంచి పాత నేర విచారణ స్మృతిలోని 451, 457 సెక్షన్ల స్థానంలో భారతీయ నాగరిక్ సురక్షా సంహితలోని 497, 503 సెక్షన్లు వచ్చాయి. పోలీసులు స్వాధీనం గురించి మెజిస్ట్రేటుకు నివేదించి, వాహనాన్ని మాత్రం కోర్టులో హాజరుపరచని దశలో 503 కింద పిటిషన్ వేస్తారు. స్వాధీనం చేసుకున్న వాహనాలను స్టేషన్లలో ఏళ్ల తరబడి ఉంచడం వృథా అని, ఫొటోలు తీయించి తగిన పూచీకత్తుపై అప్పగించవచ్చని 2002లో సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పిన మాట ఈ పిటిషన్లకు నేటికీ బలం. సముద్రపు ఉప్పుగాలి తగిలే విశాఖలో ఆరుబయట నిలిపిన టిప్పరు ఎంత త్వరగా తుప్పు పడుతుందో పిటిషన్‌లో ఒక వాక్యం రాయడం తప్పేమీ కాదు. ఆర్‌సీ, బీమా, పర్మిట్, ఫిట్‌నెస్ పత్రాలు జతచేయాలి; ఆర్‌సీలో పేరున్న యజమానే అడగాలి తప్ప, బండిని అద్దెకు తిప్పుతున్నవారు అడిగితే అభ్యంతరం వస్తుంది.

ఈ దారిలో లోపాలు లేకపోలేదు. వాహనం విలువకు తగిన బాండు, జామీనుదారులు కావాలి. కేసు తేలేవరకు బండిని అమ్మకూడదని, రూపం మార్చకూడదని, పిలిచినప్పుడు చూపాలని షరతులు ఉంటాయి. చివరికి నేరం రుజువైతే జప్తు ప్రమాదం అలాగే ఉంటుంది. పైగా పిటిషన్ వేయవలసింది యజమాని ఊళ్లో కాదు, బండిని పట్టిన చోటు ఏ కోర్టు పరిధిలో ఉందో అక్కడ. గాజువాక యజమాని లారీ శ్రీకాకుళంలో దొరికితే వాయిదాలకు అక్కడికే తిరగాలి. అనకాపల్లి 2022 ఏప్రిల్ 4 నుంచి వేరే జిల్లా అయినందున, శారద తీరంలో పట్టుబడిన బండికి విశాఖ గనుల కార్యాలయం చుట్టూ తిరిగి లాభం లేదు. ఇన్ని ఇబ్బందులున్నా, నేరాన్ని అంగీకరించినట్టు కాకుండా బండి రోడ్డెక్కుతుంది. ఫైనాన్స్ కిస్తీలు ఆగని యజమానికి, తన ఇసుకకు సక్రమమైన పత్రం ఉందని వాదించదలచినవారికి ఇది తప్పనిసరి దారి.

ఇక హైకోర్టులో రిట్ పిటిషన్ అందరికీ అవసరమయ్యేది కాదు. ఎఫ్ఐఆర్ లేక, కోర్టులో ఫిర్యాదూ దాఖలు కాక, రాజీకీ జవాబు రాక, బండి మాత్రం ఆఫీసు ఆవరణలో నెలల తరబడి ఉండిపోయినప్పుడు మెజిస్ట్రేటు ముందు పిటిషన్ నిలవడం కష్టమవుతుంది. అప్పుడు రాజ్యాంగంలోని 226వ అధికరణం కింద అమరావతిలోని హైకోర్టుకు వెళ్లడమే ఉపాయం. దానికి ముందు విడుదల కోరుతూ శాఖకు రాతపూర్వక దరఖాస్తు ఇచ్చి, అందినట్టు ముద్ర వేయించుకుని ఉంచుకోవాలి.