విచారణ పద్ధతి తప్పితే: విడుదలా, మళ్లీ విచారణా, పరిహారమా?

కింది కోర్టు విచారణలో పద్ధతి తప్పిందని అప్పీలులో తేలితే పైకోర్టు ఏం చేయాలి? ప్రతి పొరపాటుకూ శిక్ష కొట్టేయడం కుదరదు. నేర విచారణ పద్ధతి చట్టాలైన పాత సీఆర్‌పీసీలో 465వ సెక్షన్, ఇప్పటి బీఎన్‌ఎస్‌ఎస్‌లో 511వ సెక్షన్ చెప్పేది అదే: న్యాయానికి భంగం కలిగితేనే తీర్పు పోతుంది. ఆ నియమం ఉండాల్సిందే. చిక్కంతా దాని తర్వాతే.

1997లో ఢిల్లీలో బస్సు పేలుడు కేసు చూడండి. ముద్దాయి పక్కన లాయరు లేకుండానే చాలామంది సాక్షుల విచారణ సాగిపోయింది. వాళ్లను ఎదురు ప్రశ్నించే క్రాస్ ఎగ్జామినేషన్ లేదు. ఉరిశిక్ష పడింది, హైకోర్టూ ఖాయం చేసింది. 2012లో సుప్రీంకోర్టు జడ్జీలిద్దరూ ఆ శిక్ష చెల్లదన్నారు. కానీ ఒకరు వదిలేయమన్నారు, ఇంకొకరు మళ్లీ విచారించమన్నారు. చివరికి ముగ్గురు జడ్జీల బెంచ్ మళ్లీ విచారణకే పంపింది. 2013లో అతను నిర్దోషిగా తేలాడు. బాధితుల వైపు నుంచి చూస్తే మళ్లీ విచారణే సబబు. అయితే ఆ ఏళ్లన్నీ జైల్లో గడిపింది ముద్దాయే. ఇలాంటి చోట శిక్షను అలాగే ఉంచి డబ్బు చేతిలో పెట్టడం మాత్రం అన్యాయం. తీర్పునే అనుమానంలో పడేసిన లోపానికి డబ్బు మందు కాదు.

తీర్పు సరిగ్గానే ఉండి మనిషి కాలం దోపిడీకి గురైతే? బీహార్‌కు చెందిన రుదుల్ షా 1968లో నిర్దోషిగా తేలినా 1982 దాకా జైల్లోనే ఉన్నాడు. 1983లో సుప్రీంకోర్టు 'సివిల్ దావా వేసుకో' అని పంపేయకుండా, హక్కుల కోసం నేరుగా వేసే రిట్ పిటిషన్‌లోనే అప్పటికి ఇచ్చిన 5,000 కాక మరో 30,000 రూపాయలు ఇప్పించింది. ఇక్కడ డబ్బు తప్ప ఇవ్వగలిగింది లేదు.

విచారణలో ఆలస్యానికి ఇంకో దారి ఉంది. 1991లో మహారాష్ట్ర మాజీ ముఖ్యమంత్రి అంతులే కేసులో సుప్రీంకోర్టు, కేసు కొట్టేయడమే కాదు, శిక్ష తగ్గించవచ్చని కూడా అంది. నేరం రుజువైన వాడికి పరిహారం కంటే ఇదే నయం.

నా పట్టు ఒకటే: విడుదల, పరిహారం ఒకే తీర్పులో రావాలి. విజయవాడలో విద్యార్థిని అయేషా మీరా హత్య కేసులో 2017లో హైకోర్టు యువకుణ్ణి నిర్దోషిగా వదిలి, కోర్టు ఖర్చుల కింద లక్ష రూపాయలు ఇమ్మంది. జైల్లో ఎనిమిదేళ్లకు పైగా ఉన్నాడు. పంచితే రోజుకు 35 రూపాయలు రావు, అదీ ఖర్చులకే. పోయిన ఏళ్లకు లెక్కే కట్టలేదు. ఇలాంటివారికి పరిహారం ఇచ్చే చట్టం కోసం లా కమిషన్ 2018లోనే 277వ నివేదికలో సిఫారసు చేసింది. పార్లమెంటు ఆ చట్టం చేయాలి.