‘అన్‌సెన్సార్డ్’ అని రాసి ఉంది కదా అని డబ్బు కట్టేయకండి

జపాన్ యానిమేషన్ సిరీస్ డెడ్‌మన్ వండర్‌ల్యాండ్ అన్‌సెన్సార్డ్ (అంటే రక్తపాతం దాచకుండా చూపే) బ్లూరే కోసం వెతుకుతున్నవాళ్లు ఆర్డర్ పెట్టే ముందు ఇది చదవండి. నాకు 2,800 రూపాయలు బొక్క పడింది.

ఆన్‌లైన్లో ఒక సెల్లర్ దగ్గర కొన్నాను. కవరు మీద పెద్ద ఎర్రక్షరాలతో ‘అన్‌సెన్సార్డ్, కంప్లీట్ సిరీస్’ అని ఉంది. ప్రింటు కాస్త మసగ్గా ఉన్నా, సరేలే అనుకున్నా. డిస్క్ తిప్పి చూస్తే అడుగున ఊదా రంగు. ఇంట్లో కూర్చుని రైట్ చేసుకునే డీవీడీలకు ఉండే రంగది! కంపెనీ డీవీడీ అయితే వెండిలా మెరుస్తుంది. సిస్టమ్‌లో పెడితే 12 ఎపిసోడ్లూ కలిపి 4.3 జీబీ. రెండు లేయర్ల బ్లూరే ఒక్కటే 50 జీబీ పడుతుంది. అంటే బ్లూరే డబ్బాలో డీవీడీ పెట్టి పంపాడు మహానుభావుడు.

అయినా ఆశ చావక మొదటి ఎపిసోడ్ పెట్టాను. క్లాస్‌రూమ్ కిటికీ బయట ఎర్ర మనిషి గాల్లో తేలుతూ కనిపిస్తాడు. మరుక్షణం తెర మీద నల్లటి మరకలు, ఏం జరిగిందో తెలియదు. పై మూలన జపాన్ టీవీ చానల్ లోగో కూడా ఉంది. 2011లో అక్కడ టీవీలో వేసినప్పుడు ఎవడో రికార్డు చేసిన కాపీ అన్నమాట.

“రక్తం చూడ్డానికి డబ్బులు కూడా తగలెయ్యాలిట్రా?” అంది మా అమ్మ. ఆవిడకేం చెప్పను? ఆ కథలో జైలే ఒక పార్కు. ఖైదీలు పరుగు పందెంలో నిజంగానే చచ్చిపోతుంటే, అదంతా షో కోసం చేసిన ట్రిక్కు అనుకుని జనం చప్పట్లు కొడతారు. మనకు నిజం కనబడాలి, వాళ్లకు కనబడకూడదు. కథలో పట్టంతా అక్కడే ఉంది. నల్ల మరక వేసేస్తే మనమూ టికెట్ కొనుక్కుని ఆ గ్యాలరీలో కూర్చున్నట్టే. (పిల్లలున్న ఇంట్లో మాత్రం తలుపేసుకునే చూడండి.)

సెల్లర్‌కి మెసేజ్ పెడితే, “ప్లే అవుతోంది కదా సార్, రిటర్న్ లేదు” అన్నాడు. అందులో సెంజీ అనే పాత్ర గతం మీద ఒక ఓవీఏ (టీవీలో రాకుండా నేరుగా డిస్క్ మీద వచ్చే ఎపిసోడ్) ఉండాలి, కంప్లీట్ అన్నారుగా, అదెక్కడ అని అడిగాను. బ్లాక్ చేశాడు.

కొనాలనుకుంటే ముందే డిస్క్ అడుగు భాగం ఫొటో అడగండి. స్టాక్ ఫొటో పంపితే వదిలేయండి. రీజియన్, అంటే ఏ ప్రాంతం ప్లేయర్లలో ఆడుతుందో కూడా అడగాలి. అమెరికా, జపాన్ బ్లూరేలు ఎ, మనది సి. అన్ని రీజియన్లలో ఆడే అసలు డిస్కులూ ఉంటాయి కానీ, ఏ దేశం ఎడిషనో చెప్పకుండా “ఎక్కడైనా ఆడుతుంది సార్” అనేవాణ్ణి నమ్మకండి. పార్శిల్ విప్పేటప్పుడు వీడియో తీసుకోండి. నేను తీయలేదు, డబ్బు వెనక్కి ఇప్పించమంటే ఇప్పుడు బ్యాంకువాళ్లు అడుగుతున్నది అదే.

ఇంకో మాట. అసలు డిస్కు దొరికినా కథ సగంలోనే ఆగిపోతుంది. మిగతాది మాంగాలో (ఈ సిరీస్‌కి మూలమైన జపాన్ బొమ్మల కథలో) ఉంది, 13 సంపుటాలు. నా 2,800కి వాటిలో కొన్నైనా వచ్చి ఉండేవి.