లవ్‌బర్డ్స్ పెంచేవాళ్లకు జాగ్రత్త: ఆ గోళ్ల కిట్ కొనకండి

కర్నూలులో పంజరాలు, గింజలు అమ్మే చోట ఒక ప్లాస్టిక్ కవర్లో గోళ్ల కిట్ అమ్ముతున్నారు. ఒక కట్టర్, గోళ్లు అరుగుతాయంటూ పక్షి కూర్చునే కర్రకు తొడిగే గరుకు తొడుగులు, రక్తం ఆపడానికంటూ పేరూ తేదీ లేని పొడి పొట్లం. మూడింట్లో ఒక్కటీ పనికొచ్చేది కాదు. దయచేసి డబ్బులిచ్చి పక్షికి గాయం కొనకండి.

కట్టర్ కుక్కలకు చేసినది. అంచులు రెండూ సరిగ్గా కలవవు. కొట్లోనే చీపురుపుల్ల పెట్టి నొక్కి చూడండి. పుల్ల టక్కున తెగకుండా నలిగి పీచుతో వేలాడితే, బడ్జీ (మన దగ్గర లవ్‌బర్డ్స్ పేరుతో అమ్మే చిన్న చిలుక) గోరు కూడా అలాగే నలిగి నిలువునా చీలుతుంది. చీలిక గోరు లోపలి రక్తనాళం దాకా పోతుంది. చంటిపిల్లల నెయిల్ కట్టర్ దీనికంటే ఎంతో నయం.

తొడుగులు మరీ ప్రమాదం. అవి వడ్రంగులు వాడే ఉప్పుకాగితమే. పక్షి కర్రను పట్టుకున్నప్పుడు గోరు కొన వంగి గాల్లోనే ఉంటుంది, గరుకు తగిలేది అరికాలికి. రాత్రింబవళ్లు దానిమీదే నిలబడితే చర్మం ఒరుసుకుపోయి, వాచి, చీము పడుతుంది. వెంటనే తీసేసి, వేప కొమ్మో జామ కొమ్మో కడిగి ఎండబెట్టి పెట్టండి. చిటికెన వేలంత మందంది ఒకటి, ఇంకాస్త లావుది ఒకటి.

పొడి ఏమిటో రాసి లేనప్పుడు వాడనే వాడొద్దు. పక్షి కాలిని ముక్కుతో గీక్కుంటుంది, అది నోట్లోకే పోతుంది. సీసా మూతలో చెంచాడు కార్న్‌ఫ్లోర్ ముందే పోసి పెట్టుకోండి. రక్తం వస్తే గోరు కొనను అందులో అద్ది, ఒకటి రెండు నిమిషాలు అదిమి పట్టండి. 35 గ్రాముల బడ్జీ ఒంట్లో ఉండే రక్తం సుమారు 3.5 మిల్లీలీటర్లు. ఏడు చుక్కలు పోతే పదో వంతు పోయినట్టే. అగరుబత్తితో కాల్చి ఆపుతామని కొట్టువాళ్లంటే ఒప్పుకోకండి. అయిదు నిమిషాలకూ ఆగకపోతే పశువుల ఆస్పత్రికి పరుగెత్తండి.

కత్తిరించేటప్పుడు ఇద్దరుండాలి. పలుచని నూలు తువాలుతో వెనకనుంచి పట్టుకుని, బొటనవేలు, చూపుడువేలు దవడలకు రెండు పక్కలా ఆనించాలి. ఛాతీమీద వేలు పడకూడదు. పక్షి ఛాతీ ఎముక కదిలితేనే దానికి ఊపిరి, గట్టిగా నొక్కితే చేతిలోనే చచ్చిపోతుంది. రెండో మనిషి గోరు వెనక ఫోన్ టార్చ్ పెడితే లేత రంగు గోట్లో రక్తనాళం గులాబీ గీతలా కనిపిస్తుంది. దానికి ఒకటి రెండు మిల్లీమీటర్ల ముందే ఆగాలి. నల్ల గోట్లో గీత కనపడదు కాబట్టి కొనను ఫైలుతో అరగదీయడమే మేలు. ఈ రోజు రెండు గోళ్లు, రేపు రెండు, తొందరేమీ లేదు. ఏప్రిల్, మేలలో అయితే పొద్దున ఏడు లోపే కానివ్వండి. నోరు తెరిచి రొప్పుతున్నా, తోక ఎగిరెగిరి పడుతున్నా ఆ క్షణమే వదిలేయండి.

ఇంకొకటి. కత్తిరించిన గోళ్లు నెల తిరక్కుండా మళ్లీ సాగుతున్నాయా, ముక్కు కూడా పెరుగుతోందా, గోళ్లమీద నల్ల మచ్చలున్నాయా చూడండి. కాలేయం చెడిన బడ్జీల్లో ఇలా అవుతుంది. ఏడాది పొడవునా కొర్రలు తప్ప ఇంకేమీ పెట్టనివాటిలో ఇది తరచూ కనిపిస్తుంది. అప్పుడు కట్టర్ మార్చి లాభం లేదు, పక్షుల్ని చూసే డాక్టరుకు చూపించాలి.