1,499 రూపాయల డీఎల్ఎల్ ఫిక్సర్: తెనాలి స్టిక్కర్ షాపు నుంచి ఒక్క స్టార్

కంప్యూటర్‌లో దొరకని డీఎల్ఎల్ ఫైళ్లని తెచ్చిపెడతానని చెప్పే సాఫ్ట్‌వేర్ ఇది, పేరు మాత్రం రాయను. డీఎల్ఎల్ ఫిక్సర్ అని నెట్‌లో వెతికితే ఇలాంటివి పది వస్తాయి, బటన్ రంగు తప్ప నాకు పెద్ద తేడా కనిపించలేదు. నేను తీసుకున్నది ఏడాదికి 1,499 రూపాయలది. తీసుకున్నది దసరా ఆయుధ పూజ ముందు రోజు మధ్యాహ్నం పన్నెండున్నరకి. ఆ టైమ్ ఎందుకు చెబుతున్నానంటే, టెన్షన్‌లో ఉన్నవాడు తప్ప ఇలాంటివి ఎవరూ కొనరు.

తెనాలిలో మాది రేడియం స్టిక్కర్ల షాపు. ఆయుధ పూజ ముందు రోజంటే మాకు ఏడాది మొత్తానికి పెద్ద గిరాకీ. ఆటోలు, ట్రాక్టర్లు, బుల్లెట్ బళ్లు కడిగించుకుని నేరుగా మా దగ్గరికే వస్తాయి. ఆ రోజు స్టిక్కర్లు కోసే మెషిన్, అంటే కటింగ్ ప్లాటర్‌ని నడిపే సాఫ్ట్‌వేర్ మీద ఎన్నిసార్లు నొక్కినా తెరుచుకోలేదు. వీసీరన్‌టైమ్140.డీఎల్ఎల్ దొరకలేదు, ప్రోగ్రామ్ మళ్లీ ఇన్‌స్టాల్ చేసి చూడండి అని చిన్న డబ్బా ఒకటి వచ్చింది. ఆ సాఫ్ట్‌వేర్ ప్లాటర్‌తో పాటు సీడీలో వచ్చింది. ఇప్పుడున్న కంప్యూటర్‌కి సీడీ డ్రైవే లేదు. దుగ్గిరాల నుంచి ట్రాక్టర్ వేసుకొచ్చిన పెద్దాయన బయట కుర్చీలో కూర్చుని, "ఏమయ్యా, ఇంకెంతసేపు? రేపు పూజారి గారు ఆరింటికే వస్తానన్నారు" అంటున్నాడు. మాకు తెలిసిన రిపేరు కుర్రాడికి ఫోన్ చేస్తే, "గురువుగారూ, ఫార్మాట్ కొట్టేద్దాం, ఐదొందలు" అన్నాడు. ఫార్మాట్ కొడితే సీడీ లేని ఆ సాఫ్ట్‌వేర్ శాశ్వతంగా పోయినట్టే. అందుకే ఫిక్సర్ కొన్నాను.

స్కాన్ చేసింది. 214 సమస్యలంది, అన్నీ ఎర్రగా. డబ్బు కట్టాక అన్నీ పచ్చగా మారాయి, పెద్ద టిక్కు కూడా పడింది. రీస్టార్ట్ చేశాను. ప్లాటర్ సాఫ్ట్‌వేర్ తెరిస్తే మళ్లీ అదే డబ్బా, అదే ఫైలు పేరు.

మా అక్క కొడుకు బీటెక్ రెండో ఏడాది, పండక్కి వచ్చాడు. "మామయ్యా, అసలు అది ఏం చేసిందో చూద్దాం" అని కూర్చున్నాడు. ఫిక్సర్ ఆ ఫైలుని తెచ్చి విండోస్‌లోని సిస్టమ్32 ఫోల్డర్‌లో పెట్టింది. వాడు దాన్ని కాపీ చేసి ప్లాటర్ సాఫ్ట్‌వేర్ ఫోల్డర్‌లో పెట్టి చూశాడు. ఈసారి డబ్బా మారింది. ప్రోగ్రామ్ సరిగా మొదలు కాలేదు, 0ఎక్స్‌సి000007బి అంది. నాకు గుండె జారింది గానీ, వాడు మాత్రం "ఇప్పుడు దొరికింది" అన్నాడు.

వాడు చెప్పింది నాకు అర్థమైనంత వరకు చెబుతాను. డీఎల్ఎల్ అంటే పది ప్రోగ్రాములు కలిసి వాడుకునే ఫైలు. ఇదివరకు మా ఊరి రామాలయంలో పెళ్లి వంటల గంగాళాలు ఉండేవి. ఎవరింట్లో పెళ్లయినా అవే తెచ్చుకునేవాళ్లు, ఎవరూ సొంతంగా కొనేవాళ్లు కాదు. తీరా పొయ్యి వెలిగించాక గంగాళం లేదంటే వంటవాడు చేయగలిగేది ఏమీ ఉండదు. ప్లాటర్ సాఫ్ట్‌వేర్‌లో ఏ లోపమూ లేదు, దాని గంగాళం మాయమైంది, అంతే. పైగా ఆ గంగాళాలు రెండు సైజులు, 32 బిట్, 64 బిట్. మాది పాత సాఫ్ట్‌వేర్ కాబట్టి 32 బిట్‌ది కావాలి. ఫిక్సర్ తెచ్చింది 64 బిట్‌ది. 64 బిట్ విండోస్‌లో సిస్టమ్32 అనే ఫోల్డర్‌లో ఉండేవి 64 బిట్ ఫైళ్లు. 32 బిట్‌వి ఉండేది సిస్‌వావ్64లో. ఈ పేర్లు పెట్టినవాళ్లకి ఒక దణ్ణం. మా సాఫ్ట్‌వేర్ సిస్‌వావ్64లో వెతుక్కుంటుంటే ఫిక్సర్ పక్క గదిలో పెట్టింది. మావాడు తీసుకెళ్లి సరిగ్గా దాని ముందే పెట్టేసరికి, ఇది నా సైజు కాదని ఆ కొత్త నంబరు చూపించింది.

ఇంతకీ అసలు ఫైలు ఎవరు తీశారు? నేనే. రెండు రోజుల ముందు సి డ్రైవ్ నిండిపోయిందని కంట్రోల్ ప్యానెల్ తెరిచాను. మైక్రోసాఫ్ట్ విజువల్ సి ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్ అని ఒకే పేరుతో వరసగా పది ఉన్నాయి. ఒకటే పదిసార్లు ఎక్కింది కాబోలనుకుని అన్నీ తీసేశాను. నిజానికి అవి ప్రోగ్రాములు వాడుకునే డీఎల్ఎల్‌ల ప్యాకేజీలు, 2008, 2010, 2012, 2013 వేటికవే వేరు. 2015 నుంచి 2022 దాకా మాత్రం అన్నీ కలిపి ఒకటే. మళ్లీ ప్రతిదానికీ ఎక్స్86, ఎక్స్64 అని రెండేసి. ఎక్స్86 అంటే 32 బిట్. పేరులో 140 ఉన్న మా ఫైలు ఆ 2015-2022 ప్యాకేజీలోది.

మందు చాలా చిన్నది. ముందు ప్లాటర్ ఫోల్డర్‌లో మావాడు పెట్టిన ఫైలు తీసేశాం. ప్రోగ్రామ్ ఏదైనా మొదట తన ఫోల్డర్‌లోనే వెతుక్కుంటుందట, అది అక్కడుంటే మళ్లీ దాన్నే పట్టుకుంటుంది. తర్వాత మైక్రోసాఫ్ట్ సైట్ నుంచి ఆ ప్యాకేజీ ఎక్స్86, ఎక్స్64 రెండూ దించుకున్నాం. రెండూ ఉచితం, కలిపినా యాభై ఎంబీ లోపే. ఇన్‌స్టాల్ చేయగానే సాఫ్ట్‌వేర్ తెరుచుకుంది. నాలుగుంపావుకి పెద్దాయన ట్రాక్టర్ మీద పసుపు రేడియంలో "అమ్మానాన్నల దీవెన" ఎక్కింది. నేను ఫిక్సర్‌కి డబ్బు కట్టి అప్పటికి నాలుగు గంటలు కావస్తోంది.

ఫిక్సర్ గురించి న్యాయంగా చెప్పాల్సింది ఒకటుంది. అది తెచ్చింది దొంగ ఫైలు కాదు. ప్రాపర్టీస్‌లో డిజిటల్ సిగ్నేచర్స్ చూస్తే మైక్రోసాఫ్ట్ సంతకం ఉంది, కాకపోతే పాత వెర్షన్. సైట్ల నుంచి విడిగా దించుకునే డీఎల్ఎల్‌లకి ఆ సంతకం లేకపోతే మాత్రం ముట్టుకోవద్దు, వైరస్‌ని చేయి పట్టుకుని ఇంట్లోకి తెచ్చుకున్నట్టే. నా ఫిర్యాదు వేరు. ఏ ప్రోగ్రామ్ ఆగిందని అది ఒక్కసారి కూడా అడగలేదు. అడక్కుండా సైజు ఎలా తెలుస్తుంది? ఆ 214 సమస్యలేమిటో ఇప్పటికీ తెలియదు. తర్వాత మా మేనకోడలి కొత్త లాప్‌టాప్‌లో, డబ్బా విప్పిన రోజే, దాని ఉచిత స్కాన్ వేసి చూశాం. 180 అంది.

విండోస్‌లోనే ఉండే ఎస్ఎఫ్‌సీ, అంటే పాడైన సిస్టమ్ ఫైళ్లని వెతికి సరిచేసే సిస్టమ్ ఫైల్ చెకర్ గురించి కూడా రాయాలి, ఎందుకంటే ఆ రోజు దాన్నీ తిట్టాను. కమాండ్ ప్రాంప్ట్‌ని అడ్మినిస్ట్రేటర్‌గా తెరిచి, ఎస్ఎఫ్‌సీ, ఒక స్పేస్, స్లాష్, స్కాన్‌నౌ అని కొట్టాలి. పావుగంట తిరిగి తప్పేమీ లేదంది. కళ్లెదుట ప్రోగ్రామ్ ఆగిపోయి ఉంటే తప్పేమీ లేదంటుందేమిటని నా కోపం. అది నిజమే చెప్పింది. అది కాపలా కాసేది విండోస్ సొంత ఫైళ్లకి. మనం తర్వాత ఎక్కించుకున్నవి దాని లెక్కలోకి రావు.

దాని అసలు పని కార్తీకంలో చూశాను. బిల్లింగ్ కంప్యూటర్ అప్‌డేట్ అవుతుండగా కరెంటు పోయింది, దానికి యూపీఎస్ లేదు. ఆ తర్వాత సెట్టింగ్స్ తెరిస్తే మూసుకుపోవడం, ప్రింటర్ల పేజీ రాకపోవడం. ఎస్ఎఫ్‌సీ వేస్తే పాడైన ఫైళ్లు ఉన్నాయి, కొన్ని బాగుచేయలేకపోయాను అంది. మంచి కాపీలు ఉండాల్సిన దాని సొంత గిడ్డంగి కూడా దెబ్బతింటే అలా అంటుంది. ఆ గిడ్డంగిని విండోస్‌లోనే ఉండే డిస్మ్ అనే ఇంకో పనిముట్టుతో సరిచేయాలి, అందులో రిస్టోర్‌హెల్త్ అనే ఆప్షన్. అది విండోస్ అప్‌డేట్ నుంచి మంచి ఫైళ్లు తెచ్చుకుంటుంది, కాబట్టి నెట్ ఉండాలి. 62.3 శాతం దగ్గర చాలాసేపు కదలదు. టీ తాగి రండి, కిటికీ మాత్రం మూయకండి. పూర్తయ్యాక ఎస్ఎఫ్‌సీ మళ్లీ వేస్తే ఈసారి అన్నీ బాగుచేశానంది. ఖర్చు రెండు టీలు.

ఫిక్సర్ డబ్బు మూడో మెయిల్‌కి వెనక్కి ఇచ్చారు, అందుకే ఆ ఒక్క స్టార్. అన్‌ఇన్‌స్టాల్ చేశాక కూడా స్క్రీన్ మూలన "మీ కంప్యూటర్‌లో 3 డీఎల్ఎల్‌లు లేవు" అని వస్తూనే ఉండేది. అది ప్రోగ్రామ్ నుంచి కాదు, కొనేరోజు హడావుడిలో వాళ్ల సైట్‌కి నేను అలౌ నొక్కిన నోటిఫికేషన్. బ్రౌజర్ సెట్టింగ్స్‌లో సైట్ పర్మిషన్లకి వెళ్లి తీసేస్తే ఆగింది.